నిధి చాల సుఖమా అని పాడుతూ ఉంఛవృత్తి చెంబుకి క్యూఆర్ కోడ్ అంటిస్తే ఎలాగండీ

పుష్య బహుళ పంచమి, త్యాగయ్య గారు కన్నుమూసిన తిథి, దగ్గర పడుతోందంటే చాలు, మా చెన్నైలో ఏ పేటకి ఆ పేటలో త్యాగరాజ ఆరాధన హడావిడి మొదలైపోతుంది. మైలాపూరు, మాంబళం, నంగనల్లూరు సంగతి సరేసరి, మన తెలుగువాళ్లు ఉండే పెరంబూరు, అంబత్తూరు వైపు కూడా షామియానాలు, మైకులు, వాట్సాప్ గ్రూపుల్లో పంచరత్నాల (ఆయన ఐదు పెద్ద కృతులు) పీడీఎఫ్‌లు తెలుగులో ఒకటి, తమిళంలో ఒకటి, ఇంగ్లీషులో ఒకటి. మంచిదే. ఏడాదికి ఒక్కరోజైనా ఇన్ని గొంతులు ఆ మహానుభావుణ్ని తలుచుకుంటున్నాయి కదా, పలుకు తప్పినా తాళం తప్పినా నేనేమీ అనను, భక్తితో పాడితే ఆయనే దిద్దుకుంటారు. నా బాధ పాట గురించి కాదండీ, పాటకి ముందు పొద్దున్నే చేసే ఉంఛవృత్తి గురించి, అంటే భజన పాడుకుంటూ వీధిలో నడిచి, ఇళ్లవాళ్లు వేసిన బియ్యం చెంబులో పుచ్చుకోవడం గురించి.

పోయిన ఏడు ఒక చోట చూశాను, ఎవరో ఎక్కడో పేరు వద్దు. ముందు ఒక మినీ వ్యాను, దాని మీద స్పీకర్లు, వెనక పట్టుపంచెల్లో పెద్దలు, మధ్యలో ఒకాయన భుజానికి పూలు చుట్టిన ఇత్తడి చెంబు. ఆ చెంబుకి తిరునామం పక్కనే క్యూఆర్ కోడ్ స్టిక్కర్ అంటించి ఉంది. ప్రతి గేటు దగ్గరా ఆగి కాలింగ్ బెల్ కొట్టడం, బియ్యం లేకపోతే ఫర్వాలేదు స్కాన్ చేసెయ్యండి అనడం. వ్యాన్లో ముందే కొనిపెట్టిన పాతిక కేజీల బియ్యం బస్తాలు, వీడియోలో నిండుగా కనపడాలని. ఒక పిల్లాడు ఇదేంటంకుల్ అని అడిగితే ఫండ్ కలెక్షన్ బాబూ అని చెప్పారు. అక్కడినుంచి అందరూ స్టేజి దగ్గరికెళ్లి, స్పాన్సర్ గారికి శాలువా కప్పి, ఆయన గురించి బోలెడంతసేపు పొగిడి, ఆ వెంటనే ధనం సుఖమా, రాముడి సన్నిధి సుఖమా అని త్యాగయ్య గారు అడిగిన "నిధి చాల సుఖమా" పాడారు. నాకు కళ్లమ్మట నీళ్లొచ్చేశాయి. పాడినావిడ గొంతు చాలా బాగుంది, అందుకే ఇంకా బాధేసింది.

ఒక్క సంగతి ఆలోచించండి. పంచరత్నాలు ఇలా అందరూ కూర్చుని గోష్ఠిగా పాడడం 1940 ప్రాంతంలో వచ్చిన పద్ధతి. ఉంఛవృత్తి అలా తర్వాత ఎవరో పెట్టింది కాదు, ఆయన స్వయంగా, తన ఊరు తిరువయ్యారు వీధుల్లో, తంబుర భుజాన వేసుకుని రోజూ నడిచిన నడక. ఇప్పటికీ పంచమి నాడు పొద్దున్న తిరుమంజన వీధిలో ఆయన ఇంటి నుంచి సమాధి దాకా ఉంఛవృత్తి భజన నడుస్తుంది, పంచరత్నాలు ఆ తర్వాతే. ఆరాధనలో ఆయన అడుగుజాడ అని నిక్కచ్చిగా చెప్పుకోగలిగింది ఏదైనా ఉంటే అది ఇదే, మనం దాన్నే ఊరేగింపు చేసేశాం.

ఆయనకి గతిలేక ఆ పని చేశారనుకుంటారు కొందరు. అలా కాదు. నాన్నగారు రామబ్రహ్మం గారికి ఆస్థానంలో గౌరవం ఉంది, తిరువయ్యారులో ఇల్లు రాజు ఇచ్చిందే. గురువు శొంఠి వెంకటరమణయ్య గారు ఆస్థాన విద్వాంసులు. తంజావూరు చూస్తే పొద్దున్నే నడక మొదలుపెడితే భోజనాల వేళకి చేరిపోయే దూరం. ఆ గొంతుకి, ఆ విద్యకి, ఒక్కసారి దర్బారులో కూర్చుంటే ఏం తక్కువయ్యేది? అన్ని తలుపులూ తెరిచి ఉండగా చెంబు పట్టుకుని వీధిలోకి నడిచిన మనిషి ఆయన.

"నిధి చాల సుఖమా" కథ మీ అందరికీ తెలిసిందే. శరభోజి మహారాజు, 1798 నుంచి 1832 దాకా తంజావూరు గద్దె మీద ఉన్నవాడు, కబురు పంపాడు, కానుకలు పంపాడు, ఈయన కళ్యాణి రాగంలో ఈ కీర్తన పాడి తిప్పి పంపేశారు, అన్నగారు జప్యేశుడికి ఒళ్లు మండి పూజలో ఉన్న రాములవారి విగ్రహాలు తీసుకెళ్లి కావేరిలో పడేశాడు, ఈయన పిచ్చివాడిలా వెతుక్కుని వెతుక్కుని చివరికి దక్కించుకున్నారు. హరికథల్లో, ఉపన్యాసాల్లో అందరూ ఇక్కడే ఆగిపోతారు, రాజుని కాదన్న ధీరుడు అని చప్పట్లు కొట్టించి తర్వాతి కథకి వెళ్లిపోతారు.

కానీ పాట తీసి చూడండి, అందులో రాజు ఎక్కడున్నాడు? "నిధి చాల సుఖమా, రాముని సన్నిధి సేవ సుఖమా, నిజముగ పల్కు మనసా". అడుగుతున్నది మనసుని. కానుకలు తెచ్చినవాళ్లు గుమ్మంలో నిలబడి ఉన్నారు, అన్నగారు లోపల పళ్లు నూరుతున్నాడు, వాళ్లెవరివంకా చూడకుండా ఆయన తన మనసుని ఎదురుగా కూర్చోబెట్టుకుని, నిజం చెప్పు అంటున్నారు. పోతన గారు "ఇమ్మనుజేశ్వరాధములకు" అని రాజుల మొహం మీదే తలుపేశారు, ఆ పద్యంలో కోపం ఉంది, ఆ కోపానికి ఒక అందం ఉంది. ముత్తుస్వామి దీక్షితార్ వారు లలిత రాగంలో "హిరణ్మయీం లక్ష్మీం సదా భజామి, హీన మానవాశ్రయం త్యజామి" అన్నారు, అది తీర్మానం, సంతకం పెట్టేసినట్టే. త్యాగయ్య గారు కోపగించుకోలేదు, తీర్మానం కూడా చెప్పలేదు, ప్రశ్న వేశారు. పల్లవి నుంచి చివరి దాకా ప్రశ్నలే, ఒక్కదానికీ జవాబు లేదు పాటలో. ఇది నాకు ఎన్నేళ్లుగానో మనసులో తిరుగుతున్న విషయం, కొంచెం సాగదీస్తే ఏమీ అనుకోకండి.

"దధి నవనీత క్షీరములు రుచో, దాశరథి ధ్యాన భజన సుధారసము రుచో". పెరుగు, వెన్న, పాలు. ఇక్కడ ఆయన వజ్రాలు, ఏనుగులు, పల్లకీలు అనలేదు చూడండి, వంటింట్లో వస్తువులు చెప్పారు. వీధిలో పడ్డ బియ్యంతో అన్నం వండుకునే ఇంట్లో మనసు మొదట దేనికి లాగుతుందో అదే చెప్పారు. పాలు పెరుగు చెడ్డవని కాదు, ఇదే నోటితో తోడి రాగంలో "ఆరగింపవే పాలారగింపవే" అని రాములవారికి పాలు అందించారు కదా. ఆ ఇంట్లో పాలు ఉంటే మొదటి గ్లాసు ఎవరిదో మనకి తెలుసు. అడుగుతున్నది పాలు మంచివా అని కాదు, నీకు ఏది నిజంగా రుచి అని.

తర్వాత జంట చూడండి, "దమ శమమను గంగా స్నానము సుఖమా, కర్దమ దుర్విషయ కూప స్నానము సుఖమా". ఇక్కడ వరస తిరగేశారు! పల్లవిలో నిధి ముందు, సన్నిధి తర్వాత. మొదటి జంటలో వెన్నపాలు ముందు, భజన తర్వాత. ఈ జంటలో గంగ ముందు, బురదబావి తర్వాత. మళ్లీ చివరి జంటలో నరస్తుతి, అంటే మనుషుల్ని పొగడడం, ముందు, దేవుడి కీర్తన తర్వాత. ప్రాస కోసం అని విద్వాంసులు చెప్తారేమో, చెప్పనివ్వండి. నేను మాత్రం ఇలా తీసుకుంటాను: మనసు మహా టక్కరిది, రెండోదే ఒప్పు అని కనిపెట్టేసిందంటే ఇంక వినకుండానే రెండోదే రెండోదే అని వల్లించేస్తుంది, గుడికెళ్లి చెప్పులమీద ధ్యాస పెట్టుకుని గోవింద గోవింద అన్నట్టు. అందుకని మధ్యలో ఒక్కసారి వరస మార్చి పట్టుకున్నారు. వింటున్నావా, లేక అలవాటుగా తలూపుతున్నావా? కచేరీల్లో అనుపల్లవి, చరణం వచ్చేసరికి చాలామంది ఈ మూడు జంటల్నీ గబగబా దాటేసి స్వరకల్పనలోకి వెళ్లిపోతారు. ఒక్కో ప్రశ్న తర్వాత కాస్త ఊపిరి తీసుకునే చోటు ఉంటే ఎంత బావుండు, వినేవాళ్ల మనసుకి కూడా పలకడానికి టైమివ్వాలి కదా.

ఇక జవాబు ఎక్కడుంది అంటారా? మర్నాడు పొద్దున ఉంది. రాజు పిలుపు ఒక్కసారి వచ్చింది, ఆకలి రోజూ వస్తుంది. రాజుని కాదనడం ఒక్క పూట ధైర్యం, ఆ పూట ఊరంతా చూస్తుంది, ఆహా అంటుంది. తెల్లారితే ఇంట్లో శిష్యులు, అతిథులు, ఆడకూతురు, పొయ్యి మీద ఖాళీ గుండిగ. అప్పుడు మళ్లీ అదే ప్రశ్న, చూసేవాళ్లు ఎవరూ లేకుండా. చెంబు తీసుకుని గడప దాటిన ప్రతి పొద్దూ ఆయన మనసు నిజంగా పలికిన పొద్దే. అందుకే నాకు ఆ కీర్తన, ఉంఛవృత్తి వేరువేరుగా కనపడవు. పాట ప్రశ్న, నడక జవాబు. మనం పాట ఉంచుకుని నడకని వ్యానెక్కించాం.

ఉంఛవృత్తి అంటే ముష్టి అనుకునేవాళ్లకి భారతంలో అశ్వమేధ పర్వం గుర్తుచేస్తాను. ధర్మరాజు అంత పెద్ద అశ్వమేధం చేస్తే సగం ఒళ్లు బంగారమైన ముంగిస వచ్చి, ఈ యాగం ఆ సక్తుప్రస్థుడి పిడికెడు పిండికి సాటిరాదు అంది. ఎవరాయన? కురుక్షేత్రంలో ఉంఛవృత్తితో బతికిన బ్రాహ్మడు. పొలంలో కోత అయిపోయాక రాలిన గింజలు ఏరుకుని, పిండి చేసుకుని, నలుగురూ నాలుగు భాగాలు పెట్టుకుని నోట్లో పెట్టుకోబోయే వేళకి అతిథి వస్తే ఒకరి తర్వాత ఒకరు తమ భాగం ఎత్తి పెట్టేసినవాళ్లు. ఆయనా, ఆవిడా, కొడుకూ, కోడలూ. కరువు రోజుల్లో. ఆ పిండి రాలిన చోట దొర్లితేనే ముంగిసకి సగం ఒళ్లు బంగారమైంది, మిగతా సగం కోసం యాగశాలలన్నీ తిరుగుతోంది పాపం. చెంబు భుజాన వేసుకున్నవాళ్లు తలుచుకోవలసిన కథ ఇది. దాచుకోకూడదు, అడగకూడదు, వచ్చింది వచ్చినట్టే పదిమందికీ పెట్టాలి.

మా నెల్లూరు వైపు ఈ సంగతి ఎవరూ నేర్పక్కర్లేదు, ధనుర్మాసంలో హరిదాసుని చూసి పెరిగినవాళ్లం. తల మీద రాగి అక్షయపాత్ర, ఒక చేత్తో తంబుర మీటుతూ, ఇంకో చేత్తో చిడతలు, తెల్లవారుజామున వీధి మొదట్లో హరిలో రంగ హరీ అని వినపడితే మా అమ్మ దోసిట్లో బియ్యం పోసి తోసేది బయటికి. ఆయన ఎవరితోనూ మాట్లాడడు. ఇంటి ముందు నిలబడి ఇదిగో అమ్మా అనడు. పిల్లలు పరిగెత్తుకొస్తే మోకాళ్ల మీద కూర్చుని తల వంచుతాడు, అంతే, పాత్రలో బియ్యం పోయగానే లేచి పాడుకుంటూ పోతాడు. ఎక్కువ పోశామా తక్కువ పోశామా కూడా చూడడు, పాత్ర నెత్తి మీదుంటే ఎలా చూస్తాడు! ఆలస్యమైతే పరిగెత్తి అందుకోవాల్సింది మనం. పెట్టేవాళ్లే పరిగెత్తాలి, పుచ్చుకునేవాడు ఆగడు. ఇంత సిగ్గు, ఇంత దర్జా రెండూ కలిసిన పని ఇంకోటి నేను చూడలేదు. కాలింగ్ బెల్ కొట్టి అడిగితే ఆ రెండూ పోయాయి.

మా వీధిలో కొన్ని కుటుంబాలం కలిసి ఏటా చిన్నగా చేసుకుంటాం, మా అత్తగారు మొదలుపెట్టారు. నేను ఎక్కువగా వంట వైపు ఉంటాను కాబట్టి ఉంఛవృత్తి నాకు వంటింట్లోంచే అర్థమైంది. చెంబులో పడ్డ బియ్యాన్ని ఎప్పుడైనా దగ్గరగా చూశారా? తెలుగువాళ్ల ఇంటి నుంచి సోనా మసూరి, ఒకాయన ఊరి నుంచి తెచ్చుకున్న మొలగొలుకులు, తమిళుల ఇళ్ల నుంచి పొన్ని ఉప్పుడు బియ్యం, ఎవరో తొందర్లో డబ్బా మారిపోయి పోసిన ఇడ్లీ బియ్యం, వాచ్‌మన్ గారి భార్య కొంగులో పట్టుకొచ్చిన రేషన్ బియ్యం. తెల్లనివి, పసుపు తిరిగినవి, సన్నవి, లావువి, అన్నీ ఒక్క చోట. విడదీయడం ఎవరి తరమూ కాదు.

అది వండడం కూడా అంత సులువు కాదండీ. మామూలు ఎసరు పెట్టి దించితే సోనా మసూరి జావైపోతుంది, ఇడ్లీ బియ్యం ఇంకా పంటికింద పలుకుగానే ఉంటుంది. పులిహోరకి పనికిరాదు, చిత్రాన్నానికి పనికిరాదు. మా అత్తగారి పద్ధతి, చేటలో పోసి చెరిగి, రాళ్లు ఏరి, కడిగి, బాగా నానబెట్టి, పెద్ద గుండిగలో ఎసరు ఎక్కువ పెట్టి, పెసరపప్పు దోరగా వేయించి అందులో కలిపి, సన్నసెగ మీద అడుగంటకుండా తిప్పుతూ మెత్తగా పొంగలి చేసెయ్యడం. మిరియాలు, జీలకర్ర, ఇంగువ, చివర్లో నెయ్యి. ముందు ఉడికింది ఆఖర్న ఉడికేదానికోసం ఆగాలి, మనమూ గరిటె పట్టుకుని దాని పక్కనే ఆగాలి. ఆ పొంగలి రుచి ఇంక దేనికీ రాదు. అక్కడ బియ్యం వేసిన రేషన్ కార్డు ఆవిడా, కారున్నాయనా పక్కపక్కన కూర్చుని అదే తింటారు.

ఆ గుండిగ దగ్గర నిలబడినప్పుడల్లా నాకు కమలాంబ గారు గుర్తొస్తారు. త్యాగయ్య గారి ఇల్లాలు. ఆవిడ గురించి మన దగ్గర ఏముంది చెప్పండి? ఆయన మీద, ఆయన శిష్యుల మీద ఎన్ని పుస్తకాలు, వాలాజాపేట వెంకటరమణ భాగవతార్ గారు, తిల్లైస్థానం రామయ్యంగార్ గారు, మానంబుచావడి వెంకటసుబ్బయ్య గారు, ఉమయాళ్పురం అన్నదమ్ములు, అందరి పేర్లూ మనకి కంఠతా. ఆ ఇంట్లో ఉండి నేర్చుకున్నవాళ్లు ఏం తిన్నారు? రోజూ మధ్యాహ్నం చెంబు ఒలికిస్తే వచ్చే ఆ కలగాపులగం బియ్యాన్ని చెరిగి, ఏరి, రాములవారికి నైవేద్యం అయ్యేలా, ఇంటిల్లిపాదికీ సరిపడేలా వండింది ఎవరు? రాజు పంపిన పళ్లాలు వెనక్కి వెళ్లిపోతుంటే తలుపు వెనక నిలబడి చూసింది ఎవరు? అన్నగారు అరిచాడని కథలో ఉంది. ఆవిడ ఒక్క మాట అన్నట్టు ఏ కథలోనూ లేదు. ఆయన ప్రశ్నకి ఆవిడ కూడా పొయ్యి ముందు కూర్చుని రోజూ జవాబు చెప్పిందనే నేను నమ్ముతాను. ఆవిడ వెళ్లిపోయాకే, చివరి రోజుల్లో ఆయన సన్యాసం పుచ్చుకున్నారు. ఆ వెంటనే "గిరిపై నెలకొన్న" పాటలో చెప్పిన మాట, పది పూటలపై కాచెదనని రాముడిచ్చిన మాట, 1847 జనవరిలో బహుళ పంచమి నాడు నెరవేరింది. ఆరాధన నాడు అర్చనలో కమలాంబ గారి పేరు కూడా చదవండి, ఖర్చేమీ కాదు.

ఇక్కడ మన చెన్నైవాళ్లకి ఇంకో భాగ్యం ఉంది, చాలామందికి పట్టదు. పోరూరు దాటి కుండ్రత్తూరు దారిలో కోవూరు ఉంది. బుధ గ్రహ క్షేత్రం అని పరిహారాలకి వెళ్తారు, ఆకుపచ్చ బట్ట కట్టి, పెసలు పెట్టి, దణ్ణం పెట్టి వచ్చేస్తారు. ఆ స్వామి సుందరేశ్వరుడి మీద త్యాగయ్య గారు ఐదు కీర్తనలు పాడారు, కోవూరు పంచరత్నాలు. సహానలో "ఈ వసుధ", ఖరహరప్రియలో "కోరి సేవింపరారే", పంతువరాళిలో "శంభో మహాదేవ", కళ్యాణిలో "నమ్మి వచ్చిన", శంకరాభరణంలో "సుందరేశ్వరుని". ఆ ఊరి సుందరేశ మొదలియారు గారు పిలిస్తే వచ్చారు. ఆయన పేరు మీద కూడా ఒక కీర్తన పాడతారేమో అని కొందరు ఆశపడ్డారట, మొదలియారు పేరూ సుందరేశుడే, స్వామి పేరూ సుందరేశుడే, పాట స్వామికే దక్కింది. నరస్తుతి సుఖమా అని అడిగిన నోరు కదా.

తిరుగు ప్రయాణంలో జరిగిన కథ కూడా విన్నారు కదా, మొదలియారు గారు ఆయనకి తెలియకుండా పల్లకిలో ధనం పెట్టించారు, దారిలో దొంగలు పడ్డారు, శిష్యులు గజగజ. నా దగ్గరేముంది భయపడడానికి అంటే అప్పుడు బయటపెట్టారు, ఇలా ధనం ఉంది, శ్రీరామనవమి ఉత్సవానికి అని. అయితే అది రాముడి సొమ్ము, రాముడే చూసుకుంటాడు అని దర్బారు రాగంలో "ముందు వెనక ఇరుప్రక్కల తోడై" ఎత్తుకున్నారు. ఆ ధనాన్ని పారెయ్యమనలేదు చూశారా, అది ఎవరిదో తేల్చారు. ఆరాధన కమిటీల్లో డబ్బు పట్టుకునేవాళ్లు ఈ ఒక్క కథ గోడ మీద రాసి పెట్టుకోండి. విరాళాలు తీసుకోవద్దని నేను అనట్లేదు, హాలు కావాలి, పక్కవాద్యాల వాళ్లకి సంభావన ఇవ్వాలి, ఇవ్వాల్సిందే, కడుపు నింపుకోవాలి కదా వాళ్లు. దానికి వేరే రసీదు పుస్తకం పెట్టండి, వేరే రోజు తిరగండి, బ్యాంకు అకౌంటు నంబరు కరపత్రంలో వెయ్యండి. చెంబు జోలికి రాకండి.

నిధి ఉన్నవాళ్లంతా పాపులని ఆ పాట చెప్పట్లేదు. అలా అనుకుంటే బెంగళూరు నాగరత్నమ్మ గారిని ఏం చేస్తారు? 1878లో పుట్టి, దేవదాసీ కుటుంబంలోంచి వచ్చి, ఈ మద్రాసులోనే కచేరీలు చేసి ఇల్లు, నగలు, పేరు అన్నీ తన గొంతుతో సంపాదించుకున్న ఆవిడ. తిరువయ్యారులో సమాధి తుప్పల్లో పడి ఉందని గురువు బిడారం కృష్ణప్ప గారి కబురు వస్తే కదిలిపోయి, స్థలం కొని, 1921లో శంకుస్థాపన చేయించి, 1925లో ప్రతిష్ఠ చేయించింది. నగలమ్మింది, ఉన్నదంతా అక్కడే పోసింది. నిధి ఆవిడ దగ్గర ఉంది, అది సన్నిధికి నడిచింది. అంతా చేసిన తర్వాత కూడా ఆడది అని ఆవిడని అక్కడ పాడనివ్వలేదు, ఆ రోజుల్లో రెండు పక్షాలుగా విడిపోయి ఆరాధన చేసేవాళ్లు, ఆ రెండు పక్షాలూ. గొడవపడి వెళ్లిపోలేదు ఆవిడ, ఆడవాళ్లందర్నీ కూడగట్టి వేరేగా ఆరాధన చేసింది, 1940 ప్రాంతంలో అందరూ ఒకటయ్యే దాకా. చివరి రోజులు అక్కడే గడిపి 1952లో కన్నుమూసింది. ఇప్పుడు ఆవిడ సమాధి ఆయనకి ఎదురుగానే, అందులో ఆవిడ విగ్రహం చేతులు జోడించుకుని. ఈ రోజు పంచరత్నాలకి ముందు వరసలో పట్టుచీరల్లో కూర్చునే అక్కలూ చెల్లెళ్లూ, మనకి ఆ చోటు ఇప్పించిన తల్లి ఆవిడ, ఆవిడకి ఒక దణ్ణం పెట్టకుండా శ్రుతిపెట్టె తెరవకండి.

ఇంతకీ నేను అడిగేది పెద్దదేం కాదు. ఈ పంచమికి వ్యాను వద్దు, స్పీకర్లు వద్దు. గొంతు వినపడినంత దూరమే వెళ్దాం, కాళ్లు నడిచినంత దూరమే వెళ్దాం. చెప్పులు విప్పేసి నడవండి, చెన్నై రోడ్లు నాకూ తెలుసు, పొద్దున్న ఆరింటికి ఫర్వాలేదు, కాలుతాయన్న బాధ లేదు. దివ్యనామ కీర్తనలు ఎత్తుకోండి, పున్నాగవరాళిలో "తవ దాసోహం" అయితే రానివాళ్లు కూడా అందుకుంటారు, పెద్ద కృతులు స్టేజికి ఉంచుకోండి. ఏ ఇంటి ముందూ నిలబడకండి, ఎవరి బెల్లూ కొట్టకండి, వచ్చినవాళ్ల దగ్గర తల వంచండి, రానివాళ్ల గురించి మనసులో కూడా ఒక మాట అనుకోకండి. వీడియోలు ఎవరైనా తీస్తే తీసుకోనివ్వండి, మీరు మాత్రం ఫోను ఇంట్లో పెట్టి రండి. పడ్డ బియ్యం ఆ పూటే వండెయ్యండి, మూటలు కట్టి స్టోర్ రూములో పెట్టకండి, తక్కువ పడితే తక్కువే వండుకుని తలా ముద్ద తినండి, కొనుక్కొచ్చి కలపకండి.

ఇంట్లో ఉండి బియ్యం వేసేవాళ్లకి కూడా ఒక మాట. పురుగు పట్టిందనో, పాతబడిందనో పక్కన పెట్టింది తెచ్చి వెయ్యకండి, ఆ రోజు మీరు ఏ డబ్బాలోంచి తీసి వండుకుంటారో అందులోంచే దోసెడు తీయండి, ఉప్పుడు బియ్యమైతే ఉప్పుడు బియ్యమే, సిగ్గుపడకండి. పిల్లల చేత వేయించండి, నిద్ర లేవకపోతే ఎత్తుకొచ్చి మరీ వేయించండి. నడవలేని పెద్దవాళ్లుంటే గుమ్మంలో కుర్చీ వేసి కూర్చోబెట్టండి, భజన వచ్చేదాకా వాళ్లు రామ రామ అనుకుంటూ ఉంటారు. పక్కింటి తమిళుల్ని, కన్నడంవాళ్లని ముందు రోజే పిలవండి, వాళ్లకి ఉంఛవృత్తి అంటే మనకంటే బాగా తెలుసు, చెంబు కూడా వాళ్ల ఇంట్లోనే దొరుకుతుంది చాలాసార్లు. మీ వీధిలో ఎవరూ మొదలుపెట్టకపోతే కమిటీ కోసం చూడకండి, ఇద్దరుంటే చాలు, ఒకరు పాడితే ఒకరు చిడతలు వేస్తారు. ఇంట్లో ఇత్తడి చెంబు ఉంటే ఈ వారమే చింతపండు పెట్టి తోమి బోర్లించండి.